ఇంట్లోనే ఉండేది

గురుసిద్ధప్ప కాళ్లు ఒకచోట నిలిచే రకం కాదు. ముప్పై ఏళ్లుగా మగ్గం గుంటలో తొక్కుడు పలకల మీద ఆడిన కాళ్లవి. పని లేకపోతే వాటికి పిచ్చెక్కుతుంది. ఆ ఉదయం హునగుంద కోర్టు వరండాలో బెంచీ మీద కూర్చున్నా అవి నేలను తొక్కుతూనే ఉన్నాయి. కుడి, ఎడమ, కుడి. పక్కన కూర్చున్న ముసలాయన ఎవరో బెంచీ అదురుతోందని విసుక్కుని లేచి పోయాడు.

"ఒరే గురుసిద్ధా, ఆ కాళ్లు కాస్త కట్టేసుకో. ఇక్కడ నేసిన చీరకి ఎవడూ కూలివ్వడు," అంది తల్లి కాశవ్వ.

"ఎప్పుడు పిలుస్తారో ఏంటో యవ్వా. పొద్దుణ్ణించీ ఇదే."

"పిలిచినప్పుడు పిలుస్తారు. నువ్వు తొక్కితే ముందుగా పిలుస్తారా?"

కాశవ్వకు అటువైపు అతని కూతురు భాగ్య కూర్చుంది. ఒళ్లో జొన్నరొట్టెల మూట, పల్లీల పొడి డబ్బా. పంతొమ్మిదేళ్ల పిల్ల. వచ్చినప్పటినుంచి ఒక్క మాట మాట్లాడలేదు. గురుసిద్ధప్ప మూడోసారి టీకి లేచాడు, సగం తాగి పారబోశాడు, మళ్లీ వచ్చి కూర్చున్నాడు.

భార్య నీలవ్వ పోయి రెండేళ్ల మూడు నెలలైంది. ఇల్కల్ ఊరి బయట అద్దకాల వాళ్ల దగ్గరినుంచి రంగు వేసిన పట్టు తెస్తూ రోడ్డు వారన నడుస్తోంది. ఇసుక లారీ వెనకనుంచి వచ్చి గుద్దేసింది. అక్కడికక్కడే ప్రాణం పోయింది. అప్పటికి ముప్పై ఆరేళ్లు. లారీకి బీమా ఉంది కాబట్టి నష్టపరిహారం కేసు వేశారు. ఈరోజు గురుసిద్ధప్పను బోనెక్కించి ప్రశ్నలడుగుతారు. వచ్చే డబ్బుతోనే ఆరో తరగతి చదివే కొడుకు చదువు, కాశవ్వ కంటి ఆపరేషను, అన్నిటికన్నా ముందు భాగ్య నర్సింగు కోర్సు. పిల్ల ఒకప్పుడు దానికోసం రాత్రింబగళ్లు చదివింది. ఇప్పుడు ఆ ఊసెత్తదు.

ఈ లెక్క ఎలా కడతారో గౌడర్ వకీలు నెల కిందట ఫైలు అట్ట వెనక రాసి చూపించాడు. ముసలి వకీలు, విసుగు ఎక్కువ, మనసు మంచిది.

"ముందు ఆమె నెల సంపాదన ఎంతో కోర్టు తేలుస్తుంది. బతికుంటే ముందుముందు ఇంకా పెరిగేది కదా, అందుకని దానికి నూటికి నలభై కలుపుతుంది. అందులో నాలుగో వంతు తీసేస్తుంది. మిగిలింది పన్నెండు నెలలకి, ఆ మీద పదిహేను ఏళ్లకి హెచ్చిస్తుంది. ముప్పై ఆరేళ్ల మనిషికి పదిహేను. అది ఎవరూ మార్చలేరు. నలభై కూడా మారదు. మారేదల్లా మొదటి అంకె ఒక్కటే. సంపాదన. దాంట్లో వెయ్యి తగ్గితే కింద లక్షా ఎనభై తొమ్మిదివేలు తగ్గుతుంది. అర్థమైందా?"

"నాలుగో వంతు ఎందుకు తీస్తారయ్యా?" అంది కాశవ్వ.

"బతికుంటే తనకోసం తాను ఖర్చు పెట్టుకునేది కదా. కుటుంబానికి రాని డబ్బు అది."

కాశవ్వ నవ్వింది. మంచి నవ్వు కాదది.

"నాలుగో వంతా! నా కోడలు తనకోసం తాను ఖర్చుపెట్టుకుందా! ఏటికి తొంభై, వంద ఇల్కల్ చీరలు మా ఇంట్లోంచి పోతాయి. దాని ఒంటిమీద పెళ్లినాటి చీర తప్ప ఇంకో ఇల్కల్ చీర నేను చూళ్లేదు. రాయించుకో జడ్జీతో, అణా కూడా తియ్యొద్దని."

"చట్టమవ్వా. అందరికీ ఒకటే."

"చట్టానికి కోడళ్లు లేనట్టున్నారు," అని గొణుక్కుంది ముసలిది.

గౌడర్‌కు అసలు తలనొప్పి ఈ నాలుగో వంతు కాదు. ఆస్పత్రిలో, శవాల గది బయట, పోలీసు రాసుకున్న కాగితం. "నీ భార్య ఏం పని చేసేది?" అని అడిగాడు హెడ్డు కానిస్టేబులు. గురుసిద్ధప్ప చెప్పాడు: "ఏం పనీ చేసేది కాదండి. ఇంట్లోనే ఉండేది." కింద సంతకం పెట్టాడు. ఆ కాగితం ఇప్పుడు బీమా కంపెనీ వకీలు ఇనామదార్ చేతిలో భద్రంగా ఉంది.

గురుసిద్ధప్పను తిట్టడానికి ముందు ఒక సంగతి. ఇల్కల్లో మగ్గమున్న ఏ ఇంటికైనా వెళ్లి అడగండి, ప్రతివాడూ ఇదే చెబుతాడు. నేత అంటే గుంటలో కూర్చుని, పోగును మోసే నాడెను అటూ ఇటూ ఆడించడం. ఆ గుంటలో కూర్చున్నవాడే నేతగాడు. చీరలు నేయించుకునే సావుకారు కూలి పుస్తకంలో వాడి పేరే ఉంటుంది. మిగతాదంతా ఇంటిపని కిందికి పోతుంది, అంట్లు తోమినట్టే. ఆ మిగతాదేమిటో చూద్దామా? పట్టు తేవడం, నూలు తోడటం, కండెలు చుట్టడం, నిలువు పోగుల పడుగు తయారుచేయడం. అదీకాక ఇల్కల్ చీరకు ఇంకో పని ఉంది, దేశంలో ఇంకెక్కడా లేదంటారు మావాళ్లు. చీర ఒంటి భాగానికి పడుగు వేరు, ఎర్రపట్టు కొంగుకి పడుగు వేరు. ఈ రెంటినీ పోగు పోగుకీ మెలికేసి కలపాలి. ప్రతి చీరకూ కలపాలి. ఒక పోగు జారితే కొంగు దగ్గర చీలిపోతుంది. ఆ కలపడం నీలవ్వ పని. తెల్లవారుజామున వెలుగు రాగానే గడప దగ్గర కూర్చునేది, మధ్యాహ్నానికి లేచేది. ఆమె కలిపిన చోట వేలు పెట్టి తడిమినా అతుకు తెలిసేది కాదు.

ఓ ఏడు బాగలకోట చేనేత ప్రదర్శనలో గురుసిద్ధప్ప చీరకు మొదటి బహుమతి వచ్చింది. "ఆ అతుకు చూడండి, అది చేతిపనా, దేవుడి పనా" అని మెచ్చుకుని శాలువా కప్పారు. నీలవ్వ కింద జనంలో కూర్చుని చప్పట్లు కొట్టింది. ఆ ఫోటో ఇంట్లో మగ్గం పైన గోడకు ఉంది. అతుకు ఎవరిదో ఆ రోజు స్టేజీ మీద చెప్పాలని గురుసిద్ధప్పకు తోచలేదు. అసలు తోచే విషయమే కాదది అతనికి.

పదకొండున్నరకు పిలిచారు.

జడ్జి యాభై ఏళ్ల ఆవిడ. తక్కువ మాట్లాడుతుంది, ఎక్కువ రాస్తుంది. గౌడర్ ముందే అఫిడవిట్టు దాఖలు చేశాడు: నీలవ్వ నేతపనిలో సగం చేసేదని, ఆమె పోయాక చీరలు పడిపోయాయని. సావుకారు ముత్తప్పను బతిమాలి కూలి పుస్తకం కూడా తెప్పించాడు. ఇనామదార్ లేచాడు. సన్నగా, నున్నగా ఉంటాడు, గొంతు కూడా అంతే.

"గురుసిద్ధప్పా, ఈ సంతకం నీదేనా?"

"నాదేనండి."

"'ఏం పనీ చేసేది కాదు, ఇంట్లోనే ఉండేది.' నువ్వు చెప్పిందేనా?"

"చెప్పానండి. అప్పుడు... శవం లోపల ఉంది. ఏం చెప్పానో ఏంటో."

"పోనీలే. అప్పుడు దుఃఖంలో ఉన్నావు. పుస్తకానికి దుఃఖం ఉండదు కదా, పుస్తకమే చూద్దాం." ఇనామదార్ కూలి పుస్తకం తెరిచాడు. "ఆమె ఉన్నప్పుడు నెలకి ఎనిమిది చీరలు. చీరకి పదహారువందలు. ఆమె పోయాక నాలుగు నెలలు మూడేసి చీరలు. ఒప్పుకుంటాను, మనిషి పోయిన ఇల్లు, చెయ్యి ఆడదు. ఐదో నెలనుంచి చూడు. ఆరు. ఏడు. ఏడు. ఎనిమిది. మళ్లీ ఎనిమిది. అంటే నీ భార్య లేకపోయినా నీ మగ్గం ఎప్పటిలాగే ఆడుతోంది. అవునా కాదా?"

గురుసిద్ధప్ప కాళ్లు బోనులో కదలడం మొదలెట్టాయి. చెక్క చప్పుడైంది. జడ్జి తలెత్తి చూసింది.

"ఆడుతోందండి. కానీ..."

"అవునా కాదా చెప్పు చాలు."

"అవునండి, కానీ అమ్మాయి కలుపుతోందండి ఇప్పుడు. మా భాగ్య. వాళ్లమ్మ దగ్గర చూసి నేర్చుకుంది."

"ఓహో. మరి అమ్మాయికి నెలకి కూలి ఎంతిస్తున్నావు?"

గురుసిద్ధప్పకు ఆ ప్రశ్న వింతగా తోచింది. కన్నకూతురికి కూలేమిటి? ఈ పెద్దమనిషికి పిల్లలు లేరా? అసలే చెమటలు పట్టి ఉన్నాడు, కాళ్లు ఆగడంలేదు, నోటికి వచ్చింది చెప్పేశాడు.

"కూలేంటి సార్! ఇంట్లోనే ఉంటుంది కదా. దానికేం పని?"

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. గౌడర్ నుదురు కొట్టుకున్నాడు. ఇనామదార్ చిరునవ్వుతో వంగి, "నేనడగాల్సింది అయిపోయింది మేడం," అని కూర్చున్నాడు.

అప్పుడు గురుసిద్ధప్పకు తను అన్న మాట తన చెవుల్లో పడింది. తలతిప్పి చూశాడు. వెనక బెంచీ మీద భాగ్య తల వంచుకుని రొట్టెల మూట ముడి విప్పుతోంది, మళ్లీ కడుతోంది.

"ఆగు," అంది జడ్జి అతను దిగబోతుంటే. "ఆ అమ్మాయి ఏం చదివింది?"

"పీయూసీ రెండో ఏడు సైన్సు మేడం. పరీక్షలకి వెళ్లలేదు."

"ఎప్పుడు మానేసింది?"

"వాళ్లమ్మ పోయిన... నాలుగో నెల చివర."

"నువ్వు మానమన్నావా?"

"లేదు మేడం. ఒకరోజు పొద్దున చూస్తే గడప దగ్గర కూర్చుని కలుపుతోంది. నేనేం అనలేదు."

జడ్జి కూలి పుస్తకం తన దగ్గరికి తెప్పించుకుంది, ఒక పేజీ దగ్గర కాసేపు ఆగింది, ఏదో రాసుకుంది. "సరే, దిగు," అంది. ఏం రాసుకుందో గౌడర్‌కు కూడా తెలియలేదు.

"మొత్తం ముంచావు కదయ్యా!" అన్నాడు గౌడర్ బయటికి రాగానే, కోటు విప్పి విసురుగా చేతిమీద వేసుకుంటూ. "ఒక్క మాట, ఆ ఒక్క మాట చెప్పొద్దనే కదా నేను నెల రోజులు నీ బుర్రలో నూరిపోసింది! రెండేళ్ల కింద భార్యకి అన్నావు. ఈరోజు కూతురికి అన్నావు. ఇంకెవరున్నారు మీ ఇంట్లో? మీ అమ్మగారొకరు మిగిలారు, ఆమెను కూడా అనేసెయ్యి."

"నన్ను ఎప్పుడో అనేశాడు," అంది కాశవ్వ. "వాళ్ల నాన్న కూడా అన్నాడు. నేనూ కలిపాను నలభై ఏళ్లు. కోడలు పోయాక ఆ నాలుగు నెలలూ ఈ కనపడని కళ్లతో తడుముకుంటూ కలిపాను."

ఇల్కల్‌కు ఎర్రబస్సెక్కారు. గురుసిద్ధప్ప ముందు సీటు కడ్డీని పట్టుకుని కూర్చున్నాడు, వదిలాడు, నిలబడ్డాడు, మళ్లీ కూర్చున్నాడు. ఊరి పొలిమేరలో అద్దకాల వాళ్ల షెడ్లు కనిపించినప్పుడు భాగ్య నోరు విప్పింది.

"అప్పా, నాకేం పని లేదన్నావు కదా. రేపు ఒక్కరోజు నిజంగానే ఏ పనీ చెయ్యను. చూద్దాం."

కోపంగా అనలేదు. కోపంగా అంటే బాగుండేదనిపించింది గురుసిద్ధప్పకు.

అన్నమాట ప్రకారం మర్నాడు పిల్ల పొద్దున్నే తలంటుకుని, అటకమీది పాత జీవశాస్త్రం పుస్తకం దింపి, దుమ్ము దులుపుకుని, వీధి అరుగుమీద కూర్చుంది. మగ్గం మీద చీర అయిపోయి ఉంది. కొత్త దానికి కొంగు కలపాలి. గురుసిద్ధప్ప కాసేపు ఇంట్లో కాలుగాలిన పిల్లిలా తిరిగాడు. చివరికి గడప దగ్గర తనే కూర్చున్నాడు.

నాడె ఆడించే చేతులకు ఆ పని లొంగలేదు. మెలిక వేస్తే పోగు జారుతుంది. జారకుండా బిగిస్తే తెగుతుంది. కాళ్లకు పనిలేక మోకాళ్లు అదురుతుంటే ఒళ్లోని పడుగు అదిరి, కలిపినవి కూడా ఊడాయి. పక్కింటి నేతగాడు దానప్ప బీడీ ముట్టించుకుని వచ్చి వాకిట్లో నిలబడ్డాడు.

"ఏంటణ్ణా, మగ్గం వదిలి ఆడపని పట్టావు? చీర కట్టుకోవడం ఒక్కటే తక్కువ."

"పోరా ఇక్కణ్ణుంచి."

"బహుమతి శాలువా తేనా, కొంగులా కప్పుకుందువుగాని?"

కాశవ్వ చీపురు చూపించాక గానీ వాడు కదల్లేదు. మధ్యాహ్నానికి గురుసిద్ధప్ప కలిపినవి రెండొందల పోగులు. మెడ పట్టేసింది, కళ్లలో నీళ్లు కారుతున్నాయి.

"మొత్తం ఎన్ని ఉంటాయే?" అని అడిగాడు అరుగువైపు చూడకుండా.

"రెండువేల ఏడొందల ఇరవై," అంది భాగ్య పుస్తకంలోంచి తలెత్తకుండా. "అమ్మ లెక్కపెట్టేది. లెక్కపెడితే నిద్ర రాదనేది."

గురుసిద్ధప్ప ముప్పై ఏళ్ల నేతగాడు. అంగుళానికి ఎన్ని పోగులో, అంచు కమ్మీకి ఎన్ని దెబ్బలో నిద్రలో అడిగినా చెబుతాడు. ఇంటి గడప దగ్గర పదిహేడేళ్లు రోజూ తెల్లారి జరిగిన పని లెక్క అతనికి తెలియదు. పడుగు పక్కన పెట్టి మొహం చేతుల్లో దాచుకున్నాడు. శవం ఇంటికొచ్చిన రోజు కూడా అంత ఏడవలేదు. భాగ్య పుస్తకం మూసి వచ్చింది, అతని ఒళ్లోంచి పడుగు తీసుకుంది, ఊడినవి సరిచేయబోయింది.

"వద్దు," అన్నాడు. "నువ్వు చదువుకో."

"మరి చీర?"

"ఆలస్యమవుతుంది. అవనీ."

ఆ తర్వాత రెండు నెలలు ఆ ఇంట్లో నిలకడ లేదు. గురుసిద్ధప్ప పొద్దున కలుపుతాడు, మధ్యాహ్నం నేస్తాడు, సాయంత్రం గౌడర్‌కు ఫోను చేసి తిట్లు తింటాడు. నెలకు మూడు చీరలు, ఒక నెల రెండే. కేసు పోతే పిల్లను మళ్లీ గడప దగ్గర కూర్చోబెట్టాల్సిందే, వేరే దారి లేదు. ఆ తలపు వచ్చినప్పుడల్లా లేచి వీధి చివరిదాకా నడిచి వచ్చేవాడు. నడుస్తూ తనను తానే తిట్టుకునేవాడు.

తీర్పు రోజు గౌడర్ కాగితాలు పట్టుకుని వరండాలోకి వచ్చాడు. అద్దాలు పెట్టుకున్నాడు, తీశాడు, తుడిచాడు.

"ఏమైందో చెప్పండి సార్, చంపకండి!"

"నిలబడు ఒకచోట. నిలబడితే చదువుతా." గురుసిద్ధప్ప గోడకు వీపు ఆనించి నిలబడ్డాడు. గౌడర్ చదివాడు. "'మొదటి నాలుగు నెలలు ఆ ఇంట్లో నీలవ్వ పనిని ఆమెలా చేసేవారు ఎవరూ లేరు. ఆ నాలుగు నెలల్లో తగ్గిన ఐదేసి చీరలే ఆమె సంపాదనకు సరైన కొలత. ఆ తర్వాత చీరలు పెరిగినందువల్ల నష్టం తీరిందని బీమా వారి వాదన. నష్టం తీరలేదు. తల్లి మోసిన బరువును చదువుకునే కూతురు తలకెత్తుకుంది. అందుకు కూలి ఇవ్వలేదని తండ్రే ఈ కోర్టు ముందు చెప్పాడు. ఆ జవాబే పిటిషనుదారులకు బలమైన సాక్ష్యం.'"

"అంటే?" అన్నాడు గురుసిద్ధప్ప.

"అంటే నీ తెలివితక్కువతనమే నిన్ను గట్టెక్కించిందయ్యా! ఐదు చీరలు, ఎనిమిదివేలు. వంటా వార్పూ పిల్లల పెంపకానికి ఇంకో రెండువేలు. మొత్తం పదివేలు. నలభై కలిపితే పద్నాలుగు. నాలుగో వంతు పోతే పదివేల ఐదొందలు. పన్నెండుతో, పదిహేనుతో హెచ్చిస్తే పద్దెనిమిది లక్షల తొంభైవేలు. అంత్యక్రియలూ అవీ కలిపి ఇరవై దాటుతుంది. అమ్మాయి వాటా బ్యాంకులో దాని పేరునే వెయ్యాలి, చదువుకే వాడాలి. నువ్వు ముట్టుకోడానికి లేదు. అది కూడా రాసింది."

కాశవ్వ కొంగుతో కళ్లొత్తుకుని, "ఆ నాలుగో వంతు మాత్రం అన్యాయమే," అంది.

జూన్‌లో భాగ్య మళ్లీ పరీక్షలు రాసింది. ఆగస్టులో బాగలకోట నర్సింగు హాస్టలుకు వెళ్లింది. ఆమెను బస్సెక్కించి వచ్చిన రోజే గురుసిద్ధప్ప పక్కింటికి వెళ్లాడు. దానప్ప భార్య శివలింగవ్వ కొంగులు బాగా కలుపుతుంది. చీరకు నాలుగొందలిస్తాను, తనకూ కలిపిపెట్టమని అడిగాడు. సావుకారు పుస్తకంలో ఆమె పేరే రాయిస్తానన్నాడు.

దానప్ప పడీ పడీ నవ్వాడు. "నీకు డబ్బొచ్చి మతి పోయిందణ్ణా. మా ఆవిడకి కూలేంటి? ఇంట్లోనే ఉంటుంది కదా, దానికేం పని? ఊరికే కలుపుతుందిలే."

గురుసిద్ధప్ప నవ్వలేదు.

"ఆ మాట నేను రెండుసార్లు అన్నాన్రా దానప్పా. మొదటిసారి అన్నప్పుడు నీలవ్వ గోడకి అవతల చచ్చిపోయి ఉంది, వినలేదు. రెండోసారి అన్నప్పుడు నా కూతురు వింది." తలుపువైపు చెయ్యి చూపించాడు. "మీ ఆవిడ లోపలే ఉంది. బతికే ఉంది. వింటోంది."

లోపల అప్పటిదాకా తిరుగుతున్న రాట్నం ఆగి ఉంది. దానప్ప బీడీ నేలకేసి నలిపాడు, తలుపువైపు చూశాడు. శివలింగవ్వ చేతులు కొంగుకు తుడుచుకుంటూ గడప దగ్గరికి వచ్చింది.

"నాలుగొందల యాభై అణ్ణా," అంది. "పట్టు పడుగు ఎప్పుడిస్తావు?"